ఘనరాగ పంచరత్నాలు: తెలుగు చెవికి వినిపించేవి

త్యాగరాజస్వామి రచనల్లో నేడు మనకు లభిస్తున్నవి సుమారు 700. వాటిలో అన్నిటికంటె ప్రసిద్ధమైనవి ఏవని అడిగితే సంగీతంతో పెద్దగా పరిచయం లేనివారు కూడా చెప్పే సమాధానం ఘనరాగ పంచరత్నాలు. నాటరాగంలో ‘జగదానందకారక’, గౌళలో ‘దుడుకుగల’, ఆరభిలో ‘సాధించెనే’, వరాళిలో ‘కనకన రుచిరా’, శ్రీరాగంలో ‘ఎందరో మహానుభావులు’. ఏటా పుష్య బహుళ పంచమినాడు తిరువయ్యారులో కావేరి ఒడ్డున వందలాది విద్వాంసులు కూర్చుని ఈ వరుసలోనే వీటిని గొంతు కలిపి పాడతారు. అక్కడ ఉదయం తొమ్మిది గంటలైతే ఆక్లండ్‌లో సాయంత్రం నాలుగున్నర. ఇక్కడివారు ఆ ప్రసారాన్ని చూసి, తరువాతి వారాంతంలో తమ ఆరాధనను తాము జరుపుకొంటారు.

ఈ ఐదిటికి ఇంతటి ప్రసిద్ధి తెచ్చింది సామూహిక గానమే. అయితే అదే గానం ఒక విషయాన్ని కొంత మరుగుపరచింది. ఒకే వరుసలో, ఒకే తాళంలో, ఒకే ఉత్సాహంతో పాడే ఈ ఐదు కృతులు ఐదు వేర్వేరు మనఃస్థితుల నుండి వెలువడిన మాటలు. మొదటిది నామావళి, రెండవది ఆత్మనింద, మూడవది నిష్ఠురం, నాలుగవది ఆస్వాదన, ఐదవది వందనం. మొదటిది సంస్కృతం, తక్కిన నాలుగూ తెలుగు. ఆ నాలుగింటిలోని భావభేదం రాగంలో కొంత వినిపిస్తుంది, మాటలో పూర్తిగా తెలుస్తుంది. ఆ మాట అర్థమయ్యే అవకాశం పుట్టుకతో దొరికినవారం మనం. దానిని మన పిల్లలకు అందిస్తున్నామా అన్నదే ఈ వ్యాసానికి మూలమైన ప్రశ్న.

నేను సంగీత విద్వాంసుణ్ణి కాను. తెలుగు మాధ్యమంలో చదువుకుని వైద్యవృత్తిలో స్థిరపడినవాణ్ణి. ఆక్లండ్ ఆగ్నేయ శివారైన ఫ్లాట్ బుష్‌లో నివసిస్తూ, ఇక్కడి పిల్లలు ఈ కృతులను నేర్చుకునే తీరును కొన్నేళ్లుగా గమనిస్తున్నాను. స్వరం తప్పని పిల్లలు ఎందరో ఉన్నారు. తాము ఏమి పాడుతున్నామో చెప్పగలిగేవారు మాత్రం అరుదు.

తంజావూరులో తెలుగు

త్యాగరాజు 1767 మే 4న తిరువారూరులో జన్మించారు. తల్లి సీతమ్మ, తండ్రి కాకర్ల రామబ్రహ్మం. ఇంటిపేరు కాకర్ల గ్రామాన్ని గుర్తుచేస్తుంది. శ్యామశాస్త్రి, ముత్తుస్వామి దీక్షితులు కూడా తిరువారూరులోనే పుట్టారు. త్యాగరాజు శొంఠి వెంకటరమణయ్య వద్ద సంగీతం అభ్యసించి, జీవితమంతా తిరువయ్యారులో గడిపి, చివరి దినాల్లో సన్యాసం స్వీకరించి, 1847 జనవరి 6న సిద్ధిపొందారు.

కావేరీ తీరంలో ఉన్న మనిషి తెలుగులో ఎందుకు రాశాడని మన పిల్లలు అడుగుతుంటారు. తంజావూరును పాలించిన నాయకరాజుల ఆస్థానభాష తెలుగు. రఘునాథనాయకుని కొలువులో చేమకూర వేంకటకవి ‘విజయవిలాసము’ వెలసింది. 1670ల తరువాత వచ్చిన మరాఠా రాజులు కూడా తెలుగు సాహిత్యాన్ని, యక్షగానాన్ని ఆదరించారు. తంజావూరు సమీపంలోని మేలట్టూరులో భాగవతమేళ నాటకాలు నేటికీ తెలుగులోనే ఆడతారు. అలా త్యాగరాజు నాటికి కావేరీ తీరంలో సంగీతసాహిత్యానికి తెలుగు సహజమైన భాషగా మారింది. ఆయనకైతే అది ఇంటిభాష కూడా. అందుకే ఆయన కీర్తనల్లో పండితుల సమాసం పక్కనే వంటింటి పలుకుబడి కూర్చుంటుంది.

ఈ కీర్తనలను కాపాడినవారిలో అధికసంఖ్యాకుల ఇంటిభాష తెలుగు కాదన్నది మరొక చారిత్రక సత్యం. ఉమయాళ్పురం, తిల్లస్థానం, వాలాజాపేట అనే మూడు శిష్యపరంపరలు వీటిని తరతరాలకు అందించాయి. వాలాజాపేట వెంకటరమణ భాగవతులు సౌరాష్ట్ర భాషా కుటుంబీకులు. ఆయన, ఆయన కుమారుడు కృష్ణస్వామి భాగవతులు రాసి ఉంచిన ప్రతులు త్యాగరాజ పరిశోధనకు నేటికీ ముఖ్యమైన ఆధారాలు. తమకు ఇంటిభాష కాని భాషలోని సాహిత్యాన్ని అక్షరం పోకుండా కంఠస్థం చేసి నిలిపినవారికి తెలుగువారు ఎంత ఋణపడి ఉన్నారో చెప్పనలవి కాదు. ఆ ఋణం తీర్చుకోవడానికి మనం చేయగలిగినది, మనకు సులువుగా తెలిసే అర్థాన్ని నలుగురితో పంచుకోవడం.

ఐదు కృతులు ఒక సంపుటి అయిన తీరు

కర్ణాటక సంగీతంలో రాగాలను ఘన, నయ, దేశ్య రాగాలని విభజించే పాత పద్ధతి ఒకటి ఉంది. వీణపై తానం వాయించడానికి అనువై, గాంభీర్యం గలవి ఘనరాగాలు. నాట, గౌళ, ఆరభి, వరాళి, శ్రీ అనే ఐదిటిని ఘనపంచకం అంటారు. ఈ ఐదు రాగాల్లోనూ త్యాగరాజు ఒకే తరహా నిర్మాణం గల ఐదు పెద్ద కృతులు రచించారు. అన్నీ ఆదితాళమే. అయితే వీటికి ‘పంచరత్నాలు’ అని ఆయన స్వయంగా పేరు పెట్టిన దాఖలా లేదు. అది తరువాతివారు పెట్టుకున్న పేరు. కోవూరు, తిరువొత్తియూరు, శ్రీరంగం, లాల్గుడి క్షేత్రాల్లోని దేవతలపై ఆయన రచించిన కృతులనూ పంచరత్నాలుగానే వ్యవహరిస్తారు. కనుకనే వీటిని ప్రత్యేకించి ‘ఘనరాగ పంచరత్నాలు’ అనాలి.

ఈ ఐదూ ఆరాధనలో సామూహిక గానంగా స్థిరపడినది కూడా ఇటీవలి కాలంలోనే. ఇరవయ్యవ శతాబ్దం ఆరంభంలో తిరువయ్యారులో ఆరాధనను ‘పెద్ద పక్షం’, ‘చిన్న పక్షం’ అని రెండు వర్గాలు పోటాపోటీగా జరిపేవి. సమాధి సన్నిధిలో స్త్రీలకు పాడే అవకాశం లేదు. బెంగళూరు నాగరత్నమ్మ (1878–1952) తన ఆర్జనంతా వెచ్చించి ఆ సమాధిపై ఆలయం కట్టించారు; స్త్రీల కోసం మూడవ వర్గాన్ని నిలిపి వారిచేత అక్కడ పాడించారు. ముద్దుపళని ‘రాధికాసాంత్వనము’ను 1910లో పరిష్కరించి ప్రకటించి, ప్రభుత్వ నిషేధాన్ని ఎదుర్కొన్న నాగరత్నమ్మ ఈమే. 1940 ప్రాంతంలో మూడు వర్గాలూ ఒక్కటైనాక పంచరత్నాల సామూహిక గానం ఆరాధనకు కేంద్రమయింది.

అంటే నేడు మనం అనాదిగా వస్తున్నదని భావించే ఈ బృందగానం సుమారు ఎనభై అయిదేళ్ల నాటిది. దాని వెనుక ఒక రాజీ ఉంది. ఎవరు ముందు పాడాలి, ఎవరు పాడకూడదు అన్న తగవులకు, అందరూ కలిసి పాడడమే పరిష్కారంగా నిలిచింది. నాగరత్నమ్మ సమాధి నేడు త్యాగరాజస్వామి సమాధికి సమీపంలోనే ఉంది. ఆ తరువాత ఆకాశవాణి ప్రసారాలతో ఈ గానం ఇంటింటికీ చేరింది. 1978లో అమెరికాలోని క్లీవ్‌లాండ్‌లో మొదలైన త్యాగరాజ ఉత్సవం వంటి వాటితో సముద్రాలు దాటింది. తెలుగువారున్న ప్రతి నగరంలోను నేడు ఏదో ఒక రూపంలో వినిపిస్తున్నది.

నిర్మాణం

సామాన్యంగా కీర్తనకు పల్లవి, అనుపల్లవి, ఒకటో మూడో చరణాలు ఉంటాయి. పంచరత్నాల్లో చరణాలు ఎక్కువ. ‘సాధించెనే’లో 8, ‘జగదానందకారక’లో 10, ‘ఎందరో’లో 10. ప్రతి చరణానికీ ముందుగా స్వరం పాడి, అదే నడకలో సాహిత్యం పాడతారు. ఒక్కొక్క చరణం ముగియగానే పల్లవి ఎత్తుగడకు తిరిగివస్తారు. ‘సాధించెనే’లో మాత్రం తిరిగివచ్చేది పల్లవికి కాదు, కృష్ణుడు సందర్భానికి తగిన మాటలు చెప్పి తప్పించుకున్నాడనే మరొక వాక్యానికి. ఈ పద్ధతి తానవర్ణాన్ని పోలి ఉంటుంది. మనోధర్మానికి ఇక్కడ చోటు తక్కువ. స్వరం ప్రతిదీ ముందే నిర్ణయమై ఉంటుంది. వందమంది కలిసి పాడినా చెదరకపోవడానికి కారణం ఇదే.

స్వరానికి అక్షరం కచ్చితంగా ఒదిగిన ఈ నిర్మాణంలో ఒక చిక్కు కూడా ఉంది. పాట నడక తాళాన్ని అనుసరిస్తుంది. వాక్యం మాత్రం తాళావర్తం దాటి సాగుతుంది. అర్థం తెలియనివాడు తాళం ముగిసినచోట ఊపిరి తీసుకుంటాడు. తెలిసినవాడు మాట ముగిసినచోట తీసుకుంటాడు. విశ్రాంతిగా ఉన్న పెద్దవారు నిమిషానికి 12 నుండి 20 సార్లు శ్వాసిస్తారు. ఆ శ్వాసలో లోపలికి పీల్చే సమయం కంటె వెలుపలికి విడిచే సమయం కొంత ఎక్కువ. పాడేటప్పుడు ఈ లెక్క మారిపోతుంది. క్షణంలో పీల్చి, ఎంతోసేపు మెల్లగా వదలాలి. ఛాతీ, పొట్ట కండరాలు ఆ గాలిని కొంచెం కొంచెంగా ఖర్చు చేస్తాయి. కనుక గాయకునికి దొరికే విరామాలు లెక్కకు తక్కువ. ఆ తక్కువ విరామాలను ఎక్కడ వాడుకోవాలన్నది అర్థం తెలిస్తేనే తేలుతుంది.

నాట: పేర్ల వరుస

‘జగదానందకారక’ సంస్కృతంలో సాగే సంబోధనల వరుస. ఇందులో శ్రీరాముని 108 నామాలున్నాయని సంప్రదాయం చెబుతుంది. ప్రతి చరణం కొన్ని సమాసాల మాల. ఆ సమాసాల్లో కొన్ని చిన్న పొడుపుకథల వంటివి. ‘వాసవరిపుజనకాంతక’ అన్న ఒక్క మాటను విప్పితే, వాసవుడు ఇంద్రుడు, అతని శత్రువు ఇంద్రజిత్తు, వాని తండ్రి రావణుడు, ఆ రావణుని అంతం చేసినవాడు అని నాలుగు మెట్లు దిగి రాముణ్ణి చేరుతాము. ఓంకారాన్ని పంజరంగాను, రాముణ్ణి అందులోని చిలుకగాను భావించిన అందమైన ఊహ కూడా ఇందులోనే ఉంది. త్యాగరాజు తన ముద్రను ఈ కృతిలో మూడుచోట్ల ఉంచారు.

ఇక్కడ కవి తన గురించి ఏమీ చెప్పుకోడు. నాటరాగపు షట్శ్రుతి రిషభంలో ఉన్న దీప్తి జయజయధ్వానానికి తగినది. సామూహిక గానానికి ఇంతకంటె మంచి ఆరంభం ఉండదు. అర్థం తెలియకున్నా పేర్లు పేర్లుగానే వినిపిస్తాయి కనుక నష్టం కొంత తక్కువ.

గౌళ: తనను తాను నిలదీసుకోవడం

రెండవ కృతిలో స్వరం పూర్తిగా మారిపోతుంది. ‘దుడుకు’ అంటే తొందరపాటు, హద్దుమీరిన నడత. ఇన్ని దుడుకులు గల నన్ను ఏ దొరకొడుకు కాపాడతాడు అని పల్లవి భావం. ఇందులో ‘నన్నే’ అన్న మాట ఉంది. దీనిని వాడుకలోని అర్థంలో తీసుకుంటే ‘నన్ను మాత్రమే’ అనిపిస్తుంది. కాని ఇక్కడ పదవిభాగం ‘నన్ను + ఏ’. ఆ ‘ఏ’ తరువాతి ‘దొరకొడుకు’కు చెందిన ప్రశ్న. ‘నన్నే’ అని నొక్కి అక్కడ ఊపిరి తీసుకుంటే, దిక్కుతోచని మనిషి వేసుకున్న ప్రశ్న కాస్తా ధీమాగా చెప్పిన మాట అయిపోతుంది. ఒక్క అచ్చు ఎటు చేరుతుందన్నదానిపై కృతి భావమంతా ఆధారపడి ఉంది.

చరణాల్లో నేరాల పట్టిక ఉంది. సకల భూతాల్లోను భగవంతుడున్నాడన్న ఎరుక లేకపోవడం, చిన్ననాటినుండి కుతర్కంలో మునిగిపోవడం, పరుల ధనం కోసం వారి మనసు కరిగేలా మాట్లాడి పొట్ట నింపుకోవడం, స్వరలయలు తెలియకుండానే తెలియనివారికి ఉపదేశాలిచ్చి తాను సద్భక్తులకు సమానుణ్ణని చెప్పుకోవడం. చివరి చరణంలో ఆలి కోసం కొన్నాళ్లు, ఆస్తి కోసం కొన్నాళ్లు, పిల్లల కోసం కొన్నాళ్లు, ధనం కోసం కొన్నాళ్లు తిరిగానని ఒప్పుకుంటాడు. ఇల్లు కొనడానికి కొన్నేళ్లు, పిల్లల చదువుకు కొన్నేళ్లు, పదోన్నతికి కొన్నేళ్లు అని జీవితాన్ని లెక్కగట్టుకునే ప్రవాసికి ఆ చరణం రెండు శతాబ్దాల నాటిదిగా అనిపించదు.

రాజాశ్రయాన్ని నిరాకరించి ఉంఛవృత్తితో జీవించిన త్యాగరాజు ఈ నేరాలన్నీ చేశారా? లోకంలో చూసినవాటిని తన నెత్తిన వేసుకుని చెప్పారని పలువురు వ్యాఖ్యానిస్తారు. నాకు అందులో ఔచిత్యం కనిపిస్తుంది. ఇతరులను వేలెత్తి చూపితే అది ఉపదేశమవుతుంది, తనను చూపుకుంటే ఒప్పుకోలవుతుంది. వందమంది ఒకేసారి ‘నేను’ అని పాడినప్పుడు ఆ ఒప్పుకోలు ఒక్కొక్కరిదీ కావాలి. ‘ఎంత బాగుంది’ అని మాత్రమే అనిపించి, మనసు ఎక్కడా చివుక్కుమనకపోతే ఆ కృతిని మనం సగమే విన్నట్టు.

ఆరభి: దగ్గరివాడిపై నిష్ఠురం

మూడవది మరీ విచిత్రమైనది. ఆరభి ఉల్లాసానికి పెట్టింది పేరు. భాష తెలియనివారికి ‘సాధించెనే’ ఒక విజయగీతంలా వినిపిస్తుంది. అనుపల్లవి అర్థం అందుకు విరుద్ధం. తానే బోధించిన సన్మార్గ వచనాలను అబద్ధం చేసి, తాను పట్టిన పట్టును నెగ్గించుకున్నాడు అని అక్కడ దెప్పుతున్నాడు కవి. తెలుగులో ‘సాధించు’కు రెండు అర్థాలున్నాయి. అనుకున్నది నెరవేర్చుకోవడం ఒకటి. కోడలిని అత్త సాధిస్తున్నదన్నప్పుడు వచ్చే వేధింపు మరొకటి. కవి వాడినది మొదటి అర్థంలోనే అయినా, రెండవ అర్థపు నీడ తెలుగు చెవికి తగలక మానదు.

చరణాల్లో కృష్ణుని చరిత్ర అంతా ఫిర్యాదుగా సాగుతుంది. దేవకీవసుదేవులను కష్టపెట్టాడు. గోపికల కోరిక తీర్చకుండా గేలి చేశాడు. యశోద కొడుకని ముద్దుపెట్టుకుంటే నవ్వుతూ కూర్చున్నాడు. సంగీత సంప్రదాయాన్ని నిలిపినవాడూ ఆయనే అన్న పొగడ్త ఈ ఫిర్యాదుల మధ్యనే వస్తుంది. చివరి చరణానికి వచ్చేసరికి ఫిర్యాదు కవిదే అవుతుంది. సద్భక్తుల నడవడి ఇలా ఉండాలన్నాడట, అలగవద్దన్నాడట, విముఖులతో చేరవద్దన్నాడట, బాధ కలిగితే ఓర్చుకోమన్నాడట. అన్నీ చెప్పి తాను మాత్రం చెంతకు రాలేదట. ఆ చరణంలో చాలా వాక్యాలు ‘అన్నాడే’ అన్న అర్థం గల క్రియలతో ముగుస్తాయి. ఆ చివరి ఏత్వంలో దెప్పిపొడుపు, చనువు, దుఃఖం మూడూ ఉన్నాయి. తెలుగు ఇళ్లలో అమ్మమ్మలు ఇప్పటికీ ఇలాగే మాట్లాడతారు. ఏ వ్యాకరణం చదవకున్నా ఆ గొంతును మనం గుర్తుపడతాము.

వైద్యునిగా నన్ను ఈ చరణం ఎప్పుడూ కలవరపెడుతుంది. తినవలసినవి, మానవలసినవి, ఓర్చుకోవలసినవి అన్నీ చెప్పి మంచం దగ్గరకు రానివాడిపై రోగికి కలిగే నిష్ఠురం ఇటువంటిదే. సలహా సరైనదే కావచ్చు, కోరుకున్నది సాన్నిధ్యం.

వరాళి: చూసినకొద్దీ

నాలుగవ కృతి తక్కినవాటికంటె తక్కువగా వినిపిస్తుంది. వరాళి రాగాన్ని గురువు శిష్యునికి ఎదురుగా కూర్చుండి నేర్పితే వారి మధ్య ఎడబాటు వస్తుందని ఒక నమ్మకం. అందుచేత చాలామంది దానిని విని నేర్చుకుంటారు. ఈ రాగపు మధ్యమం మామూలు ప్రతిమధ్యమం కంటె కొంచెం హెచ్చుగా పలుకుతుంది. దానిని వందమంది ఒకే శ్రుతిలో నిలపడం సులభం కాదు. అలవాటు తగ్గడానికి నమ్మకం ఎంత కారణమో, ఈ కష్టం కూడా అంతే కావచ్చు.

ఈ కృతి పేరులోనే ఒక మెలిక ఉంది. ‘రుచిర’ అంటే సంస్కృతంలో మనోహరమని అర్థం. ఇంగ్లీషు అనువాదాలు చూసిన పిల్లలు ‘రుచిరా’ అనేది ఒక పేరో విశేషణమో అనుకుంటారు. ఇక్కడ విడదీయవలసినది ‘కన కన, రుచి, రా’ అని. నిన్ను చూసినకొద్దీ రుచిరా అంటున్నాడు. రుచి తెలుగులో నాలుకకు చెందినది. ఇక్కడ కంటికి వచ్చింది. ఆ ‘రా’ చనువుతో కూడిన పిలుపు. దేవుణ్ణి ‘ఒరే’ అనగల దగ్గరితనం అందులో ఉంది. వెంటనే ‘కనక’ అన్న శబ్దం బంగారమన్న అర్థంలో మళ్లీ వస్తుంది. తెలుగు ‘కన’కు, సంస్కృత ‘కనక’కు మధ్య ఆడిన ఈ ఆట రెండు భాషలూ తెలిసినవాడే ఆడగలడు.

పాలుగారే ముఖమన్న మన ఇంటి పలుకుబడి కూడా ఈ కృతిలో కనిపిస్తుంది. సవతితల్లి మాటలు చెవుల్లో శూలాల్లా గుచ్చుకోగా అడవికి వెళ్లిన ధ్రువుని ప్రసక్తి వస్తుంది. చివర సాక్షులను పిలుస్తాడు. కైలాసవాసి శివుడు, నారదుడు, పరాశరుడు, శుకుడు, శౌనకుడు, ఇంద్రుడు, పార్వతి, సీత. చూసినకొద్దీ తనివితీరదన్నది తన ఒక్కడి మాట కాదని నిరూపించడానికి ఇందరు సాక్షులు. గౌళలో తనపై తానే నేరం మోపుకున్నవాడు, ఆరభిలో ఎదుటివాడిపై ఫిర్యాదు చేసినవాడు, ఇక్కడ వాదం మాని అనుభవాన్ని సాక్ష్యంగా నిలుపుతున్నాడు.

శ్రీ: లెక్క తెలియని వందనం

చివరిది అన్నిటికంటె ప్రసిద్ధం. కేరళకు చెందిన షట్కాల గోవింద మారార్ ఆరు కాలాల్లో పాడగా విని త్యాగరాజు ఈ కృతితో ఆయనను గౌరవించారని కథ. అది చారిత్రకంగా నిలిచినా నిలవకపోయినా, కృతికి తగిన కథే.

ఇంగ్లీషులో దీనిని ‘మహానుభావులు చాలామంది ఉన్నారు’ అన్న అర్థంలో అనువదిస్తారు. ‘ఎందరో’ అన్న మాటలోని ‘ఓ’ అలా అనువాదానికి లొంగదు. ‘ఎందరు’ అంటే ప్రశ్న. ‘ఎందరో’ అంటే ఎందరున్నారో నాకు తెలియదు అని. వందనం చేసేవాడు తన ఎరుకకు మించినవారు ఉన్నారని ముందుగా అంగీకరిస్తున్నాడు. తెలిసినవారికి నమస్కరించడం మర్యాద. తెలియనివారికి కూడా నమస్కరించడం వినయం. నేడు మనం ఈ మాటను వేదికలపై మర్యాదకు, కబుర్లలో వ్యంగ్యానికి వాడుతున్నాము. ఆ అలవాటు వల్ల అసలు అర్థం కొంత అరిగిపోయింది.

ఆ మహానుభావుల వర్ణన చూడండి. రామాయణ, భాగవత, గీతాదుల మర్మాలు తెలిసినవారు, శైవం మొదలుగా గల షణ్మతాల రహస్యాలు తెలిసినవారు, భావరాగలయల సౌఖ్యంలో తేలేవారు. భగవంతునితో సల్లాపంగా పాడుతూ స్వరలయరాగాలు తెలిసినవారు. ‘స్వరలయలు’ అన్న మాట మనకు గౌళకృతిలో కూడా ఎదురైంది. అక్కడ అవి తెలియకుండా గొప్పలు చెప్పుకున్నవాడు తానే. ఇక్కడ అవి తెలిసినవారికి నమస్కరిస్తున్నవాడూ తానే. మధ్యలో ఆరభికృతి ఆ సంగీత సంప్రదాయానికి కర్త భగవంతుడేనంటుంది. ఈ ఐదిటిని ఒక సంపుటిగా కవి సంకల్పించినా సంకల్పించకపోయినా, వరుసగా వింటే సంగీతం తెలియడమంటే ఏమిటన్న విచారణ ఒకటి లోలోపల సాగుతున్నట్టు నాకు తోస్తుంది. ‘దుడుకుగల’ అర్థం కానివారికి ‘ఎందరో’లోని వినయం ఉత్త మర్యాదగానే మిగులుతుంది.

ఫ్లాట్ బుష్‌లో పాట

ఇక్కడి పిల్లలు ఈ కృతులను ఎక్కువగా రోమన్ లిపిలో రాసుకుని నేర్చుకుంటారు. ఆ లిపిలో ‘దుడుకు’ను ‘దుదుకు’ అనీ, ‘డుడుకు’ అనీ చదవవచ్చు. ‘గౌళ’ ‘గౌల’ అవుతుంది. హ్రస్వదీర్ఘాలు గురువుగారి గొంతులో ఉంటాయి తప్ప కాగితంపై ఉండవు. తమిళ లిపిలో క, ఖ, గ, ఘ నాలుగింటికీ ఒకటే అక్షరం. అక్కడి ప్రచురణకర్తలు అంకెలు చేర్చి ఆ తేడా చూపే పద్ధతి పాటించారు. పరాయి భాషను కాపాడటానికి వారు పడిన ఆ శ్రమను మన సొంత లిపి విషయంలో మనం పడటం లేదు.

సంగీతానికి భాష అడ్డు కాదు, నాదమే ప్రధానమని కొందరంటారు. వీణ, వేణువు, నాదస్వరం మాట లేకుండానే ఈ కృతులను పలికిస్తాయి కదా అని అడుగుతారు. నిజమే. కాని మంచి వైణికుడు సాహిత్యాన్ని మనసులో పాడుకుంటూనే మీటుతాడు; ఎక్కడ మీటాలన్నది అక్షరమే చెబుతుంది. మాట తెలిసి దానిని దాటడం వేరు, మాట తెలియక దానిని వదిలివేయడం వేరు.

ఈ దేశం ఈ విషయంలో మనకు ఒక పాఠం చెబుతున్నది. మావోరీ భాషకు ఇక్కడ 1987లో అధికార హోదా లభించింది. మన పిల్లలు బడిలో మావోరీ పాటలు పాడతారు. మావోరీ సభల్లో ఒకరు ప్రసంగించగానే వారి పక్షంవారు లేచి నిలబడి, ఆ మాటకు బలంగా ఒక పాట అందుకుంటారు. ఏ ప్రసంగానికి ఏ పాట తగినదో తెలియాలంటే అర్థం తెలియక తప్పదు. బడిలో నేర్చిన మావోరీ పాట భావం చెప్పగల పిల్లవాడు, ఇంటిభాషలోని కృతి భావం చెప్పలేకపోవడం పిల్లవాడి లోపం కాదు. బడివారు చెప్పారు, మనం చెప్పలేదు.

చేయవలసినది పెద్ద పని కూడా కాదు. స్వరం గురువు నేర్పుతారు. అది మన వల్ల అయ్యే పని కాదు. పదవిభాగం మాత్రం తెలుగు చదవగల తల్లో తండ్రో చేయగలరు. పిల్లల పుస్తకంలో సాహిత్యాన్ని తెలుగు లిపిలో ఒకసారి రాసి, మాట ముగిసినచోట చిన్న గీత గీసి, ఊపిరి అక్కడ తీసుకోమని చెప్పవచ్చు. ఒక్కొక్క చరణానికి ఒక్క వాక్యం అర్థం చాలు. తాతమ్మలు, అమ్మమ్మలు ఫోనులో అందుబాటులో ఉన్న ఇళ్లలో ‘సాధించడం’ అంటే ఏమిటో వారినే అడిగిస్తే మరీ మంచిది. ఇక్కడి ఆరాధనల్లో తమిళ, కన్నడ, మలయాళ కుటుంబాలవారు మనతో కలిసి పాడతారు. ఈ మాటలకు అర్థమేమిటని వారు మనల్నే అడుగుతారు. రెండు శతాబ్దాలుగా మన భాషను మోసినవారికి సమాధానం చెప్పగలిగి ఉండటం మన కనీస ధర్మం.

పంచరత్నాలు అర్థం తెలియకపోయినా ఆగిపోవు. వచ్చే పుష్యమాసంలోనూ వందల గొంతులు కలుస్తాయి, తాళం తప్పదు, శ్రుతి నిలుస్తుంది. కాని ఆ గొంతుల్లో తనను నిలదీసుకునే మనిషి, అలిగిన మనిషి, తనివితీరని మనిషి, తలవంచిన మనిషి వేర్వేరుగా వినిపించాలంటే, పాడేవారిలో కొందరికైనా మాట తెలిసి ఉండాలి. ఆ కొందరు మన ఇళ్లలోని పిల్లలు కావడానికి వీలుంది.